బెడ్‌ఫర్డ్ జైలు తలుపు, జోర్డన్స్ మౌనం: అమ్మతో నాలుగు రోజులు

మా తాతయ్య దగ్గర 'యాత్రికుని ప్రయాణము' పాత ప్రతి ఒకటి ఉండేది. అట్ట ఊడిపోయి, మొదటి పేజీలు లేకుండా, దారంతో కట్టి ఉండేది. నరసాపురంలో వానాకాలం కరెంటు పోయిన రాత్రుళ్ళు ఆయన లాంతరు దగ్గర పెట్టుకుని అది చదువుతుంటే, అమ్మా మామయ్యలూ చుట్టూ కూర్చుని వినేవాళ్ళట. వీపు మీద మూట మోసుకుంటూ నడిచే మనిషి కథ. ఆ కథ రాసిన జాన్ బన్యన్ జైల్లో ఉన్నాడని అమ్మకి తెలుసు. ఎందుకు వేశారో మాత్రం తాతయ్య చెప్పలేదట.

పోయిన సెప్టెంబరులో అమ్మ మాంచెస్టర్‌లో నా దగ్గరికి వచ్చింది. లండన్ అంటే అందరూ చూపించే బిగ్ బెన్, బకింగ్‌హామ్ కోట ముందుసారే అయిపోయాయి. "ఈసారి ఆ మూట మనిషి ఊరికి తీసుకెళ్ళవే" అంది. అలా మొదలైన నాలుగు రోజుల ప్రయాణం ఇది. ఇంగ్లండులో రాజ్యపు చర్చికి, అంటే చర్చ్ ఆఫ్ ఇంగ్లండ్‌కి, తల వంచని క్రైస్తవుల్ని డిసెంటర్లు అంటారు. బాప్టిస్టులు, క్వేకర్లు, కాంగ్రిగేషనలిస్టులు అందరూ ఆ కోవలోకే వస్తారు. వాళ్ళ ఊళ్ళు, సమాధులు, ప్రార్థన ఇళ్ళు వెతుక్కుంటూ తిరిగాం. వెళ్ళాలనుకునేవాళ్ళకి పనికొస్తుందని బాగున్నవీ బాగోలేనివీ రెండూ రాస్తున్నాను.

మొదట ఖర్చు సంగతి. ఇద్దరు కలిసి తిరిగేటట్టయితే 'టూ టుగెదర్ రైల్‌కార్డ్' తీసుకోండి. టికెట్టులో మూడో వంతు తగ్గుతుంది. కాకపోతే సోమవారం నుంచి శుక్రవారం వరకు ఉదయం 9:30 తర్వాత రైళ్ళకే పనిచేస్తుంది. మాకు అదే మంచిదయింది, అమ్మకి నిద్ర చాలింది.

లండన్‌లో కింగ్స్ క్రాస్ దగ్గర ఒక చిన్న హోటల్లో దిగాం. బెడ్‌ఫర్డ్ రైలు పక్కనే ఉన్న సెయింట్ పాంక్రస్ నుంచి బయల్దేరుతుంది కాబట్టి చోటు సరైనదే, కానీ హోటల్ సరైనది కాదు. లిఫ్టు ఉందని చూసి బుక్ చేశాను. తీరా వెళితే రిపేరులో ఉందన్నారు. మూడో అంతస్తు గది. అమ్మ మోకాళ్ళతో ఆ ఇరుకు మెట్లు ఎక్కుతుంటే నాకు ప్రాణం విలవిల్లాడింది. కింద గది అడిగితే లేదన్నారు, డబ్బు తగ్గించమంటే మేనేజర్ రేపొస్తాడన్నారు. ఆ రేపు రాలేదు. పెద్దవాళ్ళతో వెళ్ళేవాళ్ళు ముందురోజు ఫోన్ చేసి లిఫ్టు పనిచేస్తోందా అని నోటితో అడగండి, వెబ్‌సైటులో బొమ్మ చూసి నమ్మకండి. తిండికి మాత్రం ఇబ్బంది లేదు. యూస్టన్ స్టేషన్ వెనక డ్రమండ్ స్ట్రీట్‌కి నడిస్తే దోసెలు, శాకాహార భోజనం దొరుకుతాయి.

మొదటి రోజు మధ్యాహ్నం బన్‌హిల్ ఫీల్డ్స్‌కి వెళ్ళాం. ఓల్డ్ స్ట్రీట్ ట్యూబ్ స్టేషన్ నుంచి ఐదు నిమిషాల నడక, టికెట్టు లేదు. చుట్టూ అద్దాల ఆఫీసులు, మధ్యలో పెద్ద చెట్ల కింద నల్లబడిన రాళ్ళు. ఉద్యోగులు బెంచీల మీద కూర్చుని లంచ్ తింటున్నారు. 1665 నుంచి 1854 వరకు ఇక్కడ లక్షకు పైగా మందిని పాతిపెట్టారు. రాజ్యపు చర్చి ఈ నేలని ప్రతిష్ఠ చేయలేదు. అందుకే ఆ చర్చి ప్రార్థన పుస్తకం చదవకుండా, తమ పద్ధతిలో, తమవాళ్ళని సాగనంపుకోవడానికి డిసెంటర్లు ఇక్కడికి వచ్చేవాళ్ళు. బతికినంతకాలం ఎక్కడ ప్రార్థన చేసుకోవాలో వెతుక్కున్నారు, చచ్చాక కూడా చోటు వెతుక్కోవలసి వచ్చింది.

బన్యన్ సమాధి మీద పడుకున్న మనిషి శిల్పం ఉంది. కింద పలక మీద మూట మోస్తూ వంగిపోయిన యాత్రికుడు. అటు పక్కకి వెళితే సిలువ దగ్గర ఆ మూట దిగిపోతూ ఉంటుంది. అమ్మ రెండు పక్కలా రెండుసార్లు తిరిగింది. ఆ తర్వాత చాలాసేపు మాట్లాడలేదు.

దగ్గరలోనే 'రాబిన్సన్ క్రూసో' రాసిన డేనియల్ డిఫో స్తంభం. ఆయనా డిసెంటరే. డిసెంటర్ల మీద విరుచుకుపడేవాళ్ళ గొంతునే అనుకరిస్తూ 1702లో ఒక కరపత్రం రాసినందుకు, మరుసటి ఏడాది మూడు రోజులు నడిబజారులో బొండకొయ్యలో నిలబెట్టారు. ఆ స్తంభం 1870లో ఒక పత్రిక పిలుపు మీద ఇంగ్లండు పిల్లలు పంపిన చందాలతో కట్టారని, 1,700 మంది ఇచ్చారని దాని మీదే చెక్కి ఉంది. ఐజాక్ వాట్స్ కూడా ఇక్కడే ఉన్నాడు. క్రిస్మస్‌కి మన చర్చిల్లో కూడా పాడే 'జాయ్ టు ద వరల్డ్' ఆయనదేనని చెబితే అమ్మ రాయి మీద చెయ్యి వేసి నిలబడింది.

మమ్మల్ని ఎక్కువసేపు ఆపింది మాత్రం ఎవరికీ అంతగా తెలియని మేరీ పేజ్ అనే ఆవిడ సమాధి. 1728లో 56వ ఏట పోయింది. ఒంట్లో నీరు చేరే జబ్బు. 67 నెలల్లో 66 సార్లు నీరు తీశారని, మొత్తం 240 గ్యాలన్లని, ఒక్కసారీ ఆవిడ విసుక్కోలేదని, ఆ కోతకి భయపడలేదని పెద్ద అక్షరాలతో చెక్కించారు. అమ్మ నర్సుగా ముప్పై ఏళ్ళు చేసి రిటైరయింది. "మత్తు లేకుండానా!" అంది. నేను ఆ సంగతే ఆలోచించలేదు.

రోడ్డు దాటితే వెస్లీ చాపెల్, 1778లో కట్టింది. మెథడిస్టు ఉద్యమం మొదలుపెట్టిన జాన్ వెస్లీ చివరిదాకా తాను రాజ్యపు చర్చివాడినేనని చెప్పుకున్నాడు, కానీ ఆయన పోయాక మెథడిస్టులు వేరే సంఘమైపోయారు. కింద మ్యూజియం ఉంది, ప్రవేశం ఉచితం, విరాళం వేయొచ్చు. కూర్చోవడానికి చోటు, శుభ్రమైన టాయిలెట్లు, నవ్వుతూ పలకరించే మనుషులు. అలసిన కాళ్ళకి చాలా హాయిగా ఉంటుంది. నాకు మనసు పట్టింది మాత్రం బన్‌హిల్ వెనక సందులో ఉన్న క్వేకర్ గార్డెన్స్. క్వేకర్ల మూలపురుషుడు జార్జ్ ఫాక్స్‌ని 1691లో అక్కడే పాతిపెట్టారు. ఇప్పుడది పిల్లలు ఆడుకునే చిన్న పార్కు. పెద్దగా చూడ్డానికి ఏమీ లేదు, పది నిమిషాలు చాలు.

రెండో రోజు బెడ్‌ఫర్డ్. వేగం రైలయితే ముప్పావుగంటలోపు, అన్నిచోట్లా ఆగే రైలయితే గంట. నది ఒడ్డుకి దగ్గర్లో ఒక చైన్ హోటల్లో రెండు రాత్రులున్నాం. లండన్ గది ఖర్చులో ముప్పావు వంతు కూడా లేదు. లిఫ్టు ఉంది, గది పెద్దది. అన్నం వండుకుంటాం, కాస్త వేడినీళ్ళ కెటిల్ పెద్దది ఇస్తారా అని అడిగితే రిసెప్షన్ అమ్మాయి వంటగది మైక్రోవేవ్‌లోనే నీళ్ళు వేడి చేసి ఇచ్చింది. ఈ ప్రయాణంలో మళ్ళీ వెళ్తే దిగే చోటు అదే.

ఇక్కడ కొంచెం చరిత్ర చెప్పాలి, లేకపోతే బెడ్‌ఫర్డ్ అర్థం కాదు. 1660లో రాజు రెండో ఛార్లెస్ తిరిగొచ్చి గద్దె ఎక్కాడు. 1662లో ఒక చట్టం తెచ్చారు. ప్రతి పాదిరీ ఒకే ప్రార్థన పుస్తకాన్ని అక్షరం పొల్లుపోకుండా ఒప్పుకోవాలి. ఒప్పుకోని దాదాపు 2,000 మంది ఆ ఒకటి రెండేళ్ళలో చర్చిలు పోగొట్టుకున్నారు. 1664లో ఇంకొకటి. ఇంటివాళ్ళు కాక ఐదుగురికి మించి బయటివాళ్ళు వేరే పద్ధతిలో ప్రార్థనకి కూడితే నేరం. 1665లో, తీసేసిన పాదిరీలు పట్టణాలకి, తాము పనిచేసిన ఊళ్ళకి ఐదు మైళ్ళ లోపలికి రాకూడదన్నారు.

బన్యన్ పాదిరీ కూడా కాదు. ఊళ్ళు తిరుగుతూ చిల్లుపడ్డ గిన్నెలకి మాట్లు వేసుకునేవాడు. 1660 నవంబరులో ఒక పొలం ఇంట్లో ప్రసంగం చెయ్యబోతుండగా పట్టుకున్నారు. ఇక చెప్పనని ఒక్క మాట అంటే వదిలేసేవాళ్ళే. "ఈరోజు వదిలితే దేవుడి దయవల్ల రేపు మళ్ళీ ప్రసంగిస్తాను" అన్నాడు. పన్నెండేళ్ళు ఉంచారు. జైలు ఇప్పుడు లేదు. హై స్ట్రీట్, సిల్వర్ స్ట్రీట్ కలిసే మూల పేవ్‌మెంట్‌లో ఒక ఫలకం మాత్రం ఉంది. జనం దాన్ని తొక్కుకుంటూ షాపింగ్‌కి పోతుంటారు. మేం రెండుసార్లు దాటేసి వెనక్కి వచ్చి చూశాం.

చూడాల్సిందల్లా మిల్ స్ట్రీట్‌లో ఉంది. 1672లో బన్యన్ విడుదలయ్యాక ఆయన సంఘం ఇక్కడ ఒక కొట్టాం కొని అందులో ప్రార్థన చేసుకుంది. ఇప్పుడున్న బన్యన్ మీటింగ్ భవనం 1850ది. ముందు కంచు తలుపులు, పుస్తకంలోని ఘట్టాలతో. బెడ్‌ఫర్డ్ డ్యూకు 1876లో ఇచ్చాడు. పక్కనే మ్యూజియం, ఉచితం. వారంలో అన్ని రోజులూ తెరవరు, వెళ్ళేముందు తప్పకుండా చూసుకోండి.

లోపల ఆ జైలు తలుపు ఉంది. మందమైన ఓక్ చెక్క, ఇనుప మేకులు. ముట్టుకునేంత దగ్గరలో నిలబడొచ్చు. పక్కన బన్యన్ రేకుతో చేసుకున్న వయొలిన్. దాని మీద తన పేరు, ఊరి పేరు గీసుకున్నాడు. గిన్నెలకి మాట్లు వేసే చేతులకి రేకు ఎక్కడ వంచాలో, ఎక్కడ అతకాలో తెలుసు. దాని అంచులు చూస్తే ఆ పనితనం కనిపిస్తుంది. స్టూలు కాలుతో చేశాడని చెప్పే పిల్లనగ్రోవి కూడా ఉంది. జైలు కాపలావాడు వస్తుంటే దాన్ని మళ్ళీ స్టూలుకి బిగించేసేవాడని కథ చెబుతారు.

అమ్మ ఆగిపోయింది ఒక కూజా దగ్గర. జానెడున్నర ఎత్తు ఉంటుందేమో, సాదా మట్టి కూజా. బన్యన్ పెద్ద కూతురు మేరీ పుట్టుగుడ్డి. రోజూ ఇందులో తండ్రికి జైలుకి సూపు తెచ్చేదట. బన్యన్ తన జీవితకథలో రాసుకున్నాడు: పెళ్ళాం పిల్లల్ని విడిచి ఉండడం ఎముకల మీంచి మాంసం పీకుతున్నట్టుందని, ఆ గుడ్డిపిల్ల పడే కష్టాలు తలుచుకుంటే గుండె ముక్కలవుతోందని. వాళ్ళ పోషణ కోసం చివర్లకి రేకు బిగించిన లేసుతాళ్ళు జైల్లోనే వేలకొద్దీ అల్లి అమ్మించాడు. కూజా పిడి దగ్గర అమ్మ చూపు అలాగే ఉండిపోయింది. "తడుముకుంటూ వెళ్ళేదేమో పాపం, ఒలక్కుండా" అంది.

ఆ సాయంత్రం నది దగ్గర స్వాన్ హోటల్ దాకా నడిచాం. ఇప్పటి భవనం తర్వాతది, అదే చోట అప్పుడొక సత్రం ఉండేది. 1661 ఆగస్టులో బన్యన్ భార్య ఎలిజబెత్ అక్కడ జడ్జీల ముందు నిలబడింది. ఆవిడ రెండో భార్య, చిన్న వయసు. భర్తని పట్టుకెళ్ళారన్న వార్తకి నెలలు నిండకుండానే నొప్పులొచ్చి, ఎనిమిది రోజులు యాతనపడి కంటే బిడ్డ దక్కలేదు. సవతి పిల్లలు నలుగురున్నారని, ఒకతి గుడ్డిదని, దయగలవాళ్ళు పెట్టింది తినాలని చెప్పింది. అప్పుడు ఆవిడ అన్న మాట కాగితం మీద ఉండిపోయింది: ఆయన గిన్నెలు బాగుచేసేవాడూ పేదవాడూ కాబట్టే తీసిపారేస్తున్నారు, అందుకే న్యాయం దొరకడం లేదు. జడ్జీల్లో ఒకరైన మాథ్యూ హేల్‌కి మనసు కరిగింది గానీ బన్యన్ బయటికి రాలేదు.

నేను ఈ నాలుగు రోజుల్లో చదివిన, చూసిన వాటన్నిటిలో నన్ను పట్టుకున్నది ఈ మాటే. ఇంగ్లండులో మత సహనం గురించి చెప్పేటప్పుడు మేధావుల పేర్లు, రాజుల పేర్లు ముందొస్తాయి. నాకేమో ఆ సత్రం గదిలో పెద్దమనుషుల ముందు నిలబడిన ఆ పిల్లే ముందు కనిపిస్తుంది. నువ్వెవరు దేవుడి గురించి చెప్పడానికి, నీ పనేంటి, నీ చదువెంత అని అడిగే గొంతు మనకి కొత్తదేం కాదు.

బన్యన్ మీటింగ్ లోపల, ఆయన జైల్లో కూర్చుని రాస్తున్న రంగుల అద్దపు కిటికీ ఒకటి ఉంది. 1987 నుంచి 1991 దాకా బేరూత్‌లో బందీగా ఉన్న ఆర్చిబిషప్ దూత టెర్రీ వెయిట్‌కి, ఆ కిటికీ బొమ్మ ఉన్న పోస్టుకార్డు చేరిందట. అది మాత్రం చూడకుండా రావొద్దు. సెయింట్ పీటర్స్ గ్రీన్‌లో 1874 నాటి పెద్ద విగ్రహం కూడా ఉంది, కాళ్ళ దగ్గర తెగిన సంకెల.

మూడో రోజు పొద్దున ఎల్‌స్టో. బన్యన్ 1628లో పుట్టిన ఊరు ఇదే. బస్సు ఉంది, ఓపికుంటే నడవొచ్చు. చర్చికి విడిగా నిలబడిన గంటల గోపురం, పచ్చిక మధ్య మూట్ హాల్ అనే పాత సభామందిరం. మేం వెళ్ళినప్పుడు హాల్ మూసి ఉంది. బయటనుంచి చూసినా బాగుంది. మధ్యాహ్నం అదే రైలు దారిలో కెటరింగ్ వెళ్ళాం. ఇది నా పట్టుదల. 1792 అక్టోబరు 2న అక్కడి ఒక వితంతువు ఇంట్లో కొందరు బాప్టిస్టులు కూడి మిషనరీ సంఘం పెట్టారు. ఆరోజు ఇస్తామన్న చందా 13 పౌండ్ల 2 షిల్లింగుల 6 పెన్నీలు. చీటీలు వేసింది ఒక నశ్యం డబ్బాలో. ఆ సంఘం పంపిన విలియం కేరీ చెప్పులు కుట్టిన మనిషి. ఈస్టిండియా కంపెనీ మిషనరీలకి అనుమతి ఇవ్వకపోతే డెన్మార్క్ ఓడలో ఇండియాకి వెళ్ళాడు. ఆయన తెలుగు వ్యాకరణం 1814లో అచ్చయింది, బెంగాల్లోని సీరాంపూర్ నుంచి తెలుగు కొత్త నిబంధన 1818లో వచ్చింది. ఇంత చరిత్ర ఉన్నా చూడ్డానికి అక్కడ మిగిలింది ఆ ఇంటి గోడ మీద ఫలకమే, లోపలికి వెళ్ళడానికి లేదు. వాన కూడా మొదలైంది. తెలుగువాళ్ళకి మనసులో విలువుంటుంది గానీ, టైము తక్కువైతే కెటరింగ్ వదిలేయండి. ఆ పూట బెడ్‌ఫర్డ్‌లోనే గడపండి.

నాలుగో రోజు ఆదివారం. లండన్ తిరిగొచ్చి, మెరిలెబోన్ నుంచి సీర్ గ్రీన్ అండ్ జోర్డన్స్ స్టేషన్‌కి అరగంట పైన ప్రయాణం. అక్కడినుంచి పదిహేను ఇరవై నిమిషాల నడక. కొంత దూరం రోడ్డు పక్క కాలిబాట ఉండదు, కార్లు చూసుకోవాలి. జోర్డన్స్ మీటింగ్ హౌస్ 1688లో క్వేకర్లు కట్టుకున్న ఇటుక ఇల్లు. 2005లో నిప్పంటుకుని పైకప్పు పోతే బాగుచేసి 2008లో తెరిచారు. ముందు గడ్డిలో మోకాలెత్తు కూడా లేని చిన్న రాళ్ళు. ఒకదాని మీద విలియం పెన్, 1718. అమెరికాలో పెన్సిల్వేనియాని స్థాపించిన క్వేకర్, దానికి ఆ పేరు వచ్చిన కుటుంబం అదే. అంత మనిషికి అంత చిన్న రాయి. అప్పటి క్వేకర్లకి అదీ ఉండేది కాదు, ఈ రాళ్ళు చాలా తర్వాత పెట్టినవి.

పెన్ 1670లో లండన్ వీధిలో ప్రసంగించినందుకు విచారణకి నిలబడ్డాడు. జ్యూరీ పన్నెండుమంది నేరం లేదన్నారు. తీర్పు మార్చేదాకా తిండి, నీళ్ళు, చలిమంట లేకుండా రెండు రాత్రులు తాళం వేశారు. వాళ్ళు మార్చలేదు. జుల్మానా వేసి జైలుకి పంపితే, ఎడ్వర్డ్ బుషెల్ అనే జ్యూరీ సభ్యుడు పై కోర్టుకెళ్ళి గెలిచాడు. ఇచ్చిన తీర్పుకి జ్యూరీని శిక్షించకూడదన్న సూత్రం అలా నిలబడింది. ఆ పన్నెండుమంది తమ నమ్మకం కోసం కాకుండా పక్కవాడి నమ్మకం కోసం ఆకలితో కూర్చున్నారు.

1689లో సహన చట్టం వచ్చింది. పేరు పెద్దదే గానీ లోపల షరతులున్నాయి. ప్రార్థన ఇల్లు నమోదు చేయించాలి, లోపల ప్రార్థన జరిగేటప్పుడు తలుపు గడియ వేయకూడదు. కాథలిక్కులకీ, త్రిత్వాన్ని ఒప్పుకోని యూనిటేరియన్లకీ అది వర్తించదు. డిసెంటర్లని ప్రభుత్వ పదవులకి దూరం పెట్టిన పాత చట్టాలు 1828 దాకా రద్దు కాలేదు. ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ తలుపులు పూర్తిగా తెరుచుకున్నది 1871లో. అంటే, నిన్ను కొట్టం, అలాగని సమానంగానూ చూడం అని చెప్పి, దాదాపు రెండు వందల ఏళ్ళు అక్కడే నిలబెట్టారు. డిసెంటర్లూ అందరూ మల్లెపువ్వులు కారు. వాళ్ళలో కొందరు సముద్రం దాటి మసాచుసెట్స్‌లో పెత్తనం దొరకగానే 1659, 1661 మధ్య నలుగురు క్వేకర్లని ఉరితీశారు. అందరికీ స్వేచ్ఛ ఇవ్వాలని మొదట్లోనే అన్నవాడు థామస్ హెల్విస్ అనే బాప్టిస్టు. తురకలైనా యూదులైనా ఎవరైనా సరే, వాళ్ళ మతం గురించి శిక్షించే పని రాజుది కాదని 1612లో రాసి, న్యూగేట్ జైల్లో పోయాడు. నాకు వీళ్ళందరిలో ఆయనే ఎత్తుగా కనిపిస్తాడు.

ఆ ఆదివారం తలుపు బార్లా తీసే ఉంది. ఎవరైనా రావొచ్చు. లోపల పాత బెంచీలు, ఇటుక నేల, పాదిరీ లేడు, పాట లేదు. గంటసేపు మౌనం. అమ్మకి ఎలా ఉంటుందో అని నాకు టెన్షన్. అమ్మవాళ్ళది నరసాపురం బ్రదరన్ సంఘం. 1836లో బార్న్‌స్టేపుల్ నుంచి బయల్దేరి వచ్చిన బౌడెన్, బీర్ అనే ఇద్దరు మొదలుపెట్టిన గోదావరి మిషన్. వాళ్ళూ రాజ్యపు చర్చికి బయటివాళ్ళే. ఆ సంఘంలోనూ పాదిరీ ఉండడు. రొట్టె విరిచే ఆరాధనలో ప్రేరణ కలిగిన సహోదరుడు లేచి మాట్లాడతాడు. అందుకని మౌనం అమ్మకి కొత్త అనిపించలేదు. ముసుగు సర్దుకుని హాయిగా కూర్చుంది. ముప్పావుగంట గడిచాక ఒక పెద్దావిడ లేచి, ఆసుపత్రిలో ఉన్న చెల్లెలి గురించి నాలుగు మాటలు చెప్పి కూర్చుంది. అమ్మ నా మోచెయ్యి పట్టుకుంది. క్వేకర్లలో ఆడవాళ్ళు మొదట్నుంచీ మాట్లాడతారని, మార్గరెట్ ఫెల్ అనే ఆవిడ 1666లోనే దాన్ని సమర్థిస్తూ రాసిందని బయటికొచ్చాక చెప్పాను. "మా అమ్మకి చెప్పాల్సినవి ఎన్నో ఉండేవి" అంది అమ్మ. అమ్మమ్మ గురించి అలా అనడం నేను అంతకుముందు వినలేదు.

తర్వాత టీ, బిస్కెట్లు. డబ్బు ఎవరూ అడగలేదు. అక్కడినుంచి రెండు మైళ్ళలో చాల్ఫంట్ సెయింట్ జైల్స్‌లో కవి మిల్టన్ 1665లో ప్లేగుకి భయపడి వచ్చి తలదాచుకున్న ఇల్లుంది. ఆ ఇల్లు చూసిపెట్టింది కూడా ఇక్కడ పెన్ పక్కన పడుకున్న క్వేకరే, థామస్ ఎల్‌వుడ్. వెళ్దామని యాప్‌లో టాక్సీ బుక్ చేస్తే నలభై నిమిషాలు తిప్పి క్యాన్సిల్ అయింది. డబ్బు కోసి, మూడు రోజుల తర్వాత వెనక్కిచ్చారు. పల్లెటూళ్ళలో యాప్‌ని నమ్మకుండా ముందురోజే దగ్గర్లోని టాక్సీవాళ్ళకి ఫోన్ చేసి పెట్టుకోండి. చివరికి చెల్లెలి గురించి చెప్పిన ఆ పెద్దావిడే మమ్మల్ని కారులో స్టేషన్‌లో దింపింది. దారిలో అమ్మ తన వచ్చీరాని ఇంగ్లిషులో చెల్లెలి మందుల గురించి అడిగింది. ఇద్దరూ స్టేషన్ వచ్చినా దిగకుండా మాట్లాడుకున్నారు.

మళ్ళీ వెళ్తే బెడ్‌ఫర్డ్‌లో మూడు రాత్రులుంటాను, లండన్‌లో ఒక్కటే. శనివారం లోపల మ్యూజియం, ఆదివారం జోర్డన్స్ అని ముందే లెక్క వేసుకుంటాను.

రైలెక్కాక అమ్మ ఫోన్ తీసి ఫోటోలు ఒక్కొక్కటీ జరుపుకుంటూ వెళ్ళింది. పాలకొల్లులో ఉన్న పెద్ద మామయ్యకి ఒకటే పంపింది, ఆ మట్టి కూజా. కింద వాయిస్ మెసేజ్ పెట్టింది: "అన్నయ్యా, నాన్న చదివేవారే, ఆ మూట మనిషి కథ. అది రాసినాయనకి కూతురు దీన్లో అన్నం పట్టుకెళ్ళేదంట."